గోడ మీద లేని క్యాలెండర్

ఆజుర్, దై, బహ్మన్, ఇస్ఫందార్... ఈ పేర్లు ఎప్పుడైనా విన్నారా? పాత జానపద సినిమాలో మాంత్రికుడి కొడుకుల పేర్లలా ఉన్నాయి కదూ! కానీ ఇవి నెలల పేర్లు. నిజాం రాజ్యంలో మన తాతలు, ముత్తాతలు భూమిశిస్తు కట్టింది ఈ నెలల లెక్కనే. కచేరీల్లో వాయిదాలకు తిరిగింది, సర్కారు కొలువుల్లో జీతాలు తీసుకుంది కూడా ఈ లెక్కనే. ఆ క్యాలెండర్ పేరు ఫసలీ. ఇప్పుడది ఏ ఇంటి గోడ మీదా కనిపించదు. అలాగని చచ్చిపోయిందా అంటే, అదీ లేదు. హైదరాబాద్ పాతబస్తీలో ఓ రోజు తిరిగితే దాని జాడలు ఒక్కొక్కటిగా బయటపడతాయి.

నాలుగు గడియారాలు... నాలుగు తేదీలు

చార్మినార్ నాలుగు వైపులా 1889లో అమర్చిన నాలుగు గడియారాలున్నాయి. నాలుగూ ఒకే సమయం చూపించాలన్నది నియమం. కింద తిరిగే జనం సంగతి అలా కాదు. 'ఇవాళ తేదీ ఎంత?' అని అడిగితే ఒకరు ఇంగ్లిషు తేదీ చెబుతారు. ఇంకొకరు హిజ్రీ నెల చెబుతారు. లాల్‌దర్వాజ వైపు నుంచి వచ్చిన ముత్తయిదువను అడిగితే ఆషాఢంలో ఎన్నో ఆదివారమో వేళ్లు మడిచి లెక్కేస్తుంది. నిజాం జమానాలో అయితే నాలుగోదీ ఉండేది. అదే ఫసలీ.

అసలు చార్మినారే ఓ తేదీ! మహమ్మద్ కులీ కుతుబ్ షా దాన్ని కట్టించింది 1591లో. హిజ్రీ లెక్కలో అది సరిగ్గా వెయ్యో సంవత్సరం. అరబ్బీ, ఫారసీ అక్షరాలకు ఒక్కోదానికి ఒక్కో అంకె విలువ ఉంటుంది. ఆ పద్ధతిని అబ్జద్ అంటారు. కవులూ పండితులూ ఓ మాటను ఎంచుకుని అందులోని అక్షరాల విలువలు కూడితే ఆ కట్టడం పూర్తయిన సంవత్సరం వచ్చేలా చేసేవారు. చార్మినార్‌కు అలాంటి మాట 'యా హాఫిజ్' అని చెబుతారు. కాపాడేవాడా అని దేవుణ్ని పిలవడం. కావాలంటే మీరే కూడి చూడండి. యే 10, అలిఫ్ 1, హే 8, మళ్లీ అలిఫ్ 1, ఫే 80, జోయ్ 900. మొత్తం వెయ్యి!

నగరానికి కూడా ఇలాంటి పేరే ఉంది. నిజాంల నాణేలపై హైదరాబాద్ పక్కనే కనిపించే 'ఫర్ఖుందా బునియాద్' అన్న బిరుదు. శుభమైన పునాది అని అర్థం. దాని అక్షరాలు కూడితే 1006 వస్తుంది. ఇది కూడా హిజ్రీ సంవత్సరమే. అంటే క్రీస్తుశకం 1597-98. ఊరి పేరులోనే ఊరి పుట్టినరోజును దాచిపెట్టారన్నమాట.

ఇక్కడో చిన్న తిరకాసుంది. 2025 నాటికి చార్మినార్ వయసెంత? మన లెక్కలో 434. హిజ్రీ లెక్కలో 447. ఒకే కట్టడం, ఒకే సూర్యుడు, ఒకే చంద్రుడు. మరి పదమూడేళ్లు ఎక్కడికి పోయాయి? ఫసలీ పుట్టడానికి కారణం ఆ తేడానే.

రైతు మీద పడే పదకొండు రోజులు

హిజ్రీ పూర్తిగా చంద్రుణ్ని నమ్ముకున్న క్యాలెండర్. నెలవంక కనిపిస్తే నెల మొదలు. అందుకే ఇరవై తొమ్మిదో రోజు సాయంత్రం పాతబస్తీలో మేడల మీద జనం పడమటి వైపు చూస్తూ నిలబడతారు. రూయతె హిలాల్ కమిటీ ప్రకటన కోసం ఎదురుచూస్తారు. అలా పన్నెండు నెలలు తిరిగితే 354 రోజులు. సూర్యుడి ఏడాది కంటే దాదాపు పదకొండు రోజులు తక్కువ. అందుకే రంజాన్ ఓసారి మండువేసవిలో, ఇంకోసారి చలికాలంలో వస్తుంది.

తెలుగు పంచాంగం కూడా చంద్రుడి నెలలనే లెక్కపెడుతుంది. అయితే వెనకబడిన రోజులను పోగుచేసి రెండున్నర, మూడేళ్లకోసారి ఓ అధిక మాసం కలిపేస్తుంది. 2023లో అధిక శ్రావణం వచ్చింది అందుకే. బోనాలు ఎప్పుడూ ఆషాఢంలోనే, వానల మొదట్లోనే వస్తాయి. ముహర్రం మాత్రం ఏడాదంతా తిరిగి తిరిగి ముప్పై రెండు, ముప్పై మూడేళ్లకోసారి ఆషాఢాన్ని కలుసుకుంటుంది. 2024 జులైలో అదే జరిగింది. 17న డబీర్‌పురాలోని బీబీ కా అలావా నుంచి పీర్ల ఊరేగింపు చాదర్‌ఘాట్ వైపు కదిలింది. 28న లాల్‌దర్వాజ సింహవాహిని మహంకాళికి బోనాలెత్తారు. పాతబస్తీ వీధులు పదకొండు రోజుల తేడాతో రెండు పండుగలనూ మోశాయి.

పండుగలు ఎప్పుడొచ్చినా ఆనందమే. శిస్తు సంగతి అలా కాదు కదా! వరి పండేది సూర్యుణ్ని బట్టి, వానను బట్టి. శిస్తు అడిగే లెక్క మాత్రం చంద్రుణ్ని బట్టి ఉంటే? సూర్యుడి లెక్కలో 33 ఏళ్లు గడిచేసరికి హిజ్రీలో 34 ఏళ్లు గడిచిపోతాయి. రైతు కోసింది 33 పంటలు. సర్కారు పుస్తకంలో మాత్రం 34 ఏళ్ల శిస్తు! పైగా పంట ఇంకా పాలు పోసుకుంటుండగానే కట్టాల్సిన గడువు వచ్చిపడుతుంది. అప్పుడు రైతుకు మిగిలే దారి ఒకటే, షావుకారు గడప.

ఈ తలనొప్పికి మొఘలుల కాలంలో కనిపెట్టిన మందే ఫసలీ. ఫసల్ అంటే పంట. ఫసలీ అంటే పంటల సంవత్సరం. ఏ దేవుడి పేరునో, ఏ రాజు పట్టాభిషేకం పేరునో కాకుండా పంట పేరు పెట్టుకున్న శకమిది.

కవలలే... వయసులు వేరు

ఫసలీని మొదలుపెట్టిన ఘనత అక్బరుకు దక్కుతుంది. ఆయన గద్దెనెక్కిన 1556కు సరిపోయే హిజ్రీ 963నే ఫసలీకీ మొదటి అంకెగా తీసుకున్నారు. అక్కడి నుంచి ఏడాదిని సూర్యుడి లెక్కన నడిపించారు. దక్కన్‌కు ఈ పద్ధతి వచ్చింది షాజహాన్ కాలంలో, 1636లో. అప్పుడు నడుస్తున్న హిజ్రీ సంవత్సరం 1046. దాన్నే ఇక్కడి ఫసలీకి మొదటి అంకెగా పెట్టుకున్నారు. అందుకే ఉత్తరాది ఫసలీకీ మన ఫసలీకీ అంకెల్లో రెండేళ్ల తేడా ఉంటుంది.

అంటే దక్కన్‌లో హిజ్రీ, ఫసలీ ఒకే రోజు పరుగు మొదలుపెట్టిన కవలల్లాంటివి. ఒకటి చంద్రుడి వెంట చకచకా పరిగెత్తింది. రెండోది పంట వెంట తాపీగా నడిచింది. 2025 జులైకి హిజ్రీ 1447లో ఉంటే ఫసలీ 1435లోనే ఉంది. దాదాపు నాలుగు శతాబ్దాల్లో పన్నెండేళ్లు వెనకబడింది. నిజానికది వెనకబాటు కాదు. రైతు కట్టనక్కర్లేని పన్నెండేళ్ల శిస్తు అది!

నెలల పేర్లదీ ఓ కథే. ఇస్లాంకు ముందు నాటి ఇరాన్‌లో వాడుకలో ఉన్న సౌరమాసాల పేర్లివి. అక్బరు 1584లో 'ఇలాహీ' అనే మరో కొత్త శకాన్ని తెచ్చినప్పుడు వాటినే వాడాడు. ఆ క్యాలెండర్‌ను రూపొందించిన ఫతుల్లా షీరాజీ అక్బరు కొలువులో చేరకముందు మన దక్కన్‌లోనే, బీజాపూర్ సుల్తాను దగ్గర ఉన్న పండితుడు. ఇలాహీ శకం అక్బరు వంశంలోనే మసకబారిపోయింది. ఆ నెలల పేర్లు మాత్రం హైదరాబాద్‌లో నిజాం సర్కారు ఫసలీకి అతుక్కుని ఇరవయ్యో శతాబ్దం దాకా బతికాయి.

ఆజుర్, దై, బహ్మన్, ఇస్ఫందార్, ఫర్వర్దీ, అర్దీబెహిష్త్, ఖుర్దాద్, తీర్, అమర్దాద్, షహరేవర్, మెహర్, ఆబాన్. ఇవీ పన్నెండు. ఇరాన్‌లో ఏడాది ఫర్వర్దీన్‌తో, మార్చి నెలలో మొదలవుతుంది. హైదరాబాద్ సర్కారులో మాత్రం ఆజుర్‌తో, అక్టోబర్ మొదటి వారంలో మొదలయ్యేది. ఇవి మనకు మరీ పరాయి పేర్లు కూడా కావు. మెహర్ అంటే మన వేదాల్లోని మిత్రుడే. ఆజుర్ అంటే నిప్పు. ఆబాన్ అంటే నీళ్లు. తెలంగాణ పల్లెల్లో వానాకాలం వరిని 'ఆబీ' అంటారు కదా, అందులోని ఆబ్ కూడా నీళ్లే.

ఆబాన్ నెలలో మూసీ

నీళ్ల పేరున్న ఆ నెలలోనే హైదరాబాద్‌ను నీళ్లు ముంచేశాయి. 1908 సెప్టెంబర్ 28. మూసీ వరద అనగానే పాత హైదరాబాదీలు నేటికీ చెప్పుకునే రోజు. నది రెండు ఒడ్లూ దాటి నగరం మీద పడింది. దాదాపు పదిహేను వేల మంది పోయారని అంచనా. అఫ్జల్‌గంజ్ వైపు, ఇప్పటి ఉస్మానియా ఆసుపత్రి ఆవరణలోని చింతచెట్టు ఎక్కి నూట యాభై మంది దాకా ప్రాణాలు దక్కించుకున్నారని చెబుతారు.

ఆ ఒక్క రోజుకు ఎన్ని తేదీలున్నాయో చూడండి. ఇంగ్లిషు లెక్కలో 1908 సెప్టెంబర్. హిజ్రీ లెక్కలో 1326, రంజాన్ నెల అప్పుడే మొదలైంది. తెలుగు పంచాంగంలో కీలక నామ సంవత్సరం, ఆశ్వయుజ శుద్ధ పాడ్యమి దాటి ఒకటి రెండు రోజులు. సర్కారు కాగితాల్లో 1317 ఫసలీ, ఆబాన్. రంజాన్ ఉపవాసాలూ దసరా నవరాత్రులూ ఒకే అమావాస్య వెనక మొదలైన రోజులవి. ఓ ఇంట్లో సహరీ వంటలు, పక్క ఇంట్లో కలశపూజ. వరద ఏ క్యాలెండర్‌నూ అడగలేదు. అందరి ఇళ్లలోకీ ఒకేసారి వచ్చింది.

అప్పటి ఆరో నిజాం మీర్ మహబూబ్ అలీఖాన్, ప్రధాని మహారాజా కిషన్ పర్షాద్ కలిసి నది శాంతించాలని అమ్మవారికి పూజలు చేయించారని లాల్‌దర్వాజ వాళ్లు నేటికీ చెబుతారు. ఆ తర్వాత మోక్షగుండం విశ్వేశ్వరయ్య రావడం, వరదల అడ్డుకట్టకు ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ కట్టడం తెలిసిన కథే.

తెలియని ముక్క ఒకటుంది. అదే 1317 ఫసలీలో హైదరాబాద్ సంస్థానానికి ఓ భూమి చట్టం వచ్చింది. భూమి ఎవరిది, శిస్తు ఎంత, సర్కారు భూమి ఏది అన్నవి తేల్చే చట్టం. దాని పేరు 'భూ రెవెన్యూ చట్టం, 1317 ఫసలీ'. రాజ్యం పోయింది. రాష్ట్రాలు మారాయి. హైదరాబాద్ అన్న మాట స్థానంలో 'తెలంగాణ ప్రాంత' అనీ, తర్వాత 'తెలంగాణ' అనీ చేరాయి. పేరు చివర ఆ 1317 ఫసలీ మాత్రం కదల్లేదు! ఇరవై ఒకటో శతాబ్దంలో భూతగాదా మీద కోర్టుకెళ్లిన వాళ్లు కూడా వకీలు నోట ఆ మాట విన్నారు. అదేదో సెక్షన్ నంబరనుకుని ఊరుకున్నవాళ్లే ఎక్కువ. అది నిజానికి ఓ సంవత్సరం, మూసీ ఊరిని ముంచిన సంవత్సరం.

ఒకే ఏడు... ఓ భవనం, ఓ చట్టం

చార్మినార్ నుంచి పత్తర్‌గట్టి మీదుగా మదీనా చౌరస్తా దాటి మూసీ ఒడ్డుకు వస్తే ఎర్రరాయి గోడలతో, గుమ్మటాలతో హైకోర్టు భవనం కనిపిస్తుంది. ఏడో నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్ దీన్ని ప్రారంభించింది 1920 ఏప్రిల్ 20న. ఫసలీ లెక్కలో 1329.

ఆ 1329 ఫసలీ పేరుతోనే సంస్థానంలో ఇంకో చట్టం కూడా వచ్చింది. హిజ్రాల మీద తెచ్చిన చట్టమది. దాని పేరులో వాడిన మాటను ఇవాళ మర్యాద తెలిసినవారు ఎవరూ వాడరు. నగరంలో ఉన్న హిజ్రాల పేర్లను ఓ రిజిస్టర్లో రాయించాలి. ఆడవాళ్ల బట్టలో నగలో వేసుకుని వీధిలో కనిపిస్తే వారంటు లేకుండానే పట్టుకోవచ్చు. బయట ఆడినా పాడినా అంతే. రెండేళ్ల దాకా జైలు.

నిజాం పాలన ముగిసింది. రాజ్యాంగం వచ్చింది. ఆ చట్టం మాత్రం పుస్తకాల్లో అలాగే ఉండిపోయింది. ఫసలీ అంటే ఏమిటో మరిచిపోయిన కాలంలోనూ ఫసలీ పేరున్న చట్టం మనుషుల మీద పెత్తనం చేసే అధికారాన్ని వదులుకోలేదు. 2018లో దాన్ని సవాలు చేస్తూ ప్రజాప్రయోజన వ్యాజ్యం దాఖలైంది. 2023 జులైలో తెలంగాణ హైకోర్టు ఆ చట్టాన్ని కొట్టేసింది. అది సమానత్వ హక్కుకూ, గౌరవంగా బతికే హక్కుకూ విరుద్ధమని చెప్పింది. తీర్పు ఇచ్చిన హైకోర్టు ఉన్నది ఆ చట్టంతోపాటు ఒకే ఫసలీ సంవత్సరాన్ని పంచుకున్న ఆ ఎర్రరాతి భవనంలోనే. ఒకే ఏడాది పుట్టినవి రెండు, నూట మూడేళ్ల తర్వాత ఒకదాని గదిలోనే రెండోది కన్నుమూసింది.

పాత తేదీలంటే చరిత్ర పుస్తకాల వ్యవహారమే అనుకుంటాం. ఓ మనిషి చీర కట్టుకుని వీధిలో నడవచ్చా లేదా అన్నది కూడా ఒక పాత తేదీకి ముడిపడి ఉందంటే అది చరిత్రేనా?

1358తో ఆగిన చేతిరాత

1948 సెప్టెంబర్ 13న భారత సైన్యం హైదరాబాద్ సంస్థానంలోకి వచ్చింది. ఐదు రోజుల్లో పోలీస్ చర్య ముగిసింది. హైదరాబాద్ లెక్కలో అది 1357 ఫసలీ చివరి నెల ఆబాన్. తమాషా ఏమిటంటే, తుంగభద్రకు అవతల మద్రాసు రాష్ట్రంలో ఉన్న కర్నూలులో అప్పటికే 1358 ఫసలీ! అక్కడి ఫసలీ ఏటా జులై 1న మొదలవుతుంది. ఇక్కడిదేమో అక్టోబర్‌లో. నది దాటి ఆలంపూర్‌లో అడుగుపెడితే ఏడాది వెనక్కి వెళ్లిపోయేదన్నమాట. తెలుగువాళ్లు రెండు రాజ్యాల్లోనే కాదు, రెండు సంవత్సరాల్లో కూడా బతికారు.

మార్పు ఎంత త్వరగా జరిగిందో చట్టాల పేర్లే చెబుతాయి. జాగీర్లను రద్దు చేస్తూ 1949 ఆగస్టు 15న వచ్చిన రెగ్యులేషన్ పేరులో ఉన్నది '1358 ఫసలీ'. మరుసటి ఏడాది కౌలుదార్ల రక్షణకు వచ్చిన చట్టం పేరులో ఉన్నది '1950'. ఒకటి జాగీర్దార్ల కాలానికి ముగింపు. రెండోది దున్నేవాడికి రక్షణ. మధ్యలో ఎవరూ డప్పు కొట్టి చాటకుండానే క్యాలెండర్ మారిపోయింది. ఆజుర్, ఆబాన్‌లు గుమాస్తాల కలాల నుంచి క్రమంగా జారిపోయాయి. అప్పటికి కొలువుల్లో ఉన్నవాళ్లు సగం జీవితం ఒక క్యాలెండర్‌లో, మిగతా సగం ఇంకో క్యాలెండర్‌లో గడిపారు. పుట్టినతేదీ ఫసలీలో రాయించుకున్న పిల్లలు పింఛను తేదీని ఇంగ్లిషులో లెక్కేసుకున్నారు.

ఏలినవారు కొత్త క్యాలెండర్లు సృష్టించడం హైదరాబాద్‌కే కొత్తేమీ కాదు. టిప్పు సుల్తాన్ 'మౌలూదీ' అనే సొంత శకాన్ని తెచ్చాడు. ప్రవక్త పుట్టుక నుంచి ఏళ్లు లెక్కపెట్టాడు. నాణేల మీద అంకెలను కుడి నుంచి ఎడమకు వేయించాడు. అప్పట్లో ఆయన ఏలుబడిలో ఉన్న మన గుత్తికి 'ఫైజ్ హిసార్' అని పేరు పెట్టి, అక్కడి టంకశాల నాణేల మీదా ఆ పేరే వేయించాడు. 1799లో శ్రీరంగపట్నం పడిపోగానే ఆ శకమూ పోయింది. విప్లవం తర్వాత ఫ్రాన్స్‌లో పది రోజుల వారం, పంటల పేర్లూ వాతావరణం పేర్లూ ఉన్న నెలలతో కొత్త క్యాలెండర్ పెట్టారు. నెపోలియన్ దాన్ని 1806 జనవరి 1 నుంచి మూలన పడేశాడు. స్వతంత్ర భారతం కూడా 1957 మార్చి 22 నుంచి శక సంవత్సరంతో జాతీయ క్యాలెండర్ తెచ్చుకుంది. ఆకాశవాణిలో, గెజిట్‌లో తప్ప అది మన నోట్లో నానలేదు.

మరి ఫసలీ ఎందుకు మిగిలింది? దాని వెనకున్న రాజు గొప్పవాడని కాదు. దాని మీద ఆధారపడ్డ పని ఆగలేదు కాబట్టి. దుక్కి ఉంది, పంట ఉంది, శిస్తు పోయినా భూమి లెక్క ఉంది. రెండు తెలుగు రాష్ట్రాల రెవెన్యూ లెక్కల్లో ఫసలీ అన్న మాట వినిపిస్తూనే ఉంది. జులై 1న మొదలై జూన్ 30న ముగిసే ఆ ఏడాదికి జరిపే లెక్కల తనిఖీయే జమాబందీ. అంటే పాత మద్రాసు ఫసలీ పద్ధతి మిగిలింది. నిజాం ఆజుర్, ఆబాన్‌లు మాత్రం పాత కాగితాల్లో నిద్రపోయాయి.

ఛత్తాబజార్‌లో తేదీల అచ్చు

క్యాలెండర్ల మధ్య ఈ రాజీ ఎలా నడుస్తుందో చూడాలంటే ఛత్తాబజార్‌కు వెళ్లాలి. ఇరుకు సందు, రెండు వైపులా అచ్చు దుకాణాలు. ఒకప్పుడు ఇక్కడ కాతిబులు అనే రాతగాళ్లు కలంతో ఉర్దూ అక్షరాలను చెక్కినట్టు రాసిచ్చేవారు. తర్వాత కంప్యూటర్లు వచ్చాయి. పెళ్లి కార్డుల సీజన్ మాత్రం అదే. ఉర్దూ కార్డు మీద హిజ్రీ తేదీ, దాని పక్కనే ఇంగ్లిషు తేదీ. తెలుగు కార్డయితే సంవత్సరం పేరు, మాసం, తిథి, నక్షత్రం, ఆ కింద 'అనగా' అని ఇంగ్లిషు తేదీ. ఏ పెళ్లికైనా రెండు తేదీలు కావాల్సిందే. ఒకటి పెద్దల కోసం. ఇంకొకటి ఫంక్షన్ హాలు బుకింగు కోసం!

ఫసలీ తేదీ వేయమని మాత్రం అక్కడ ఎవరూ అడగరు. దానికి పండుగ లేదు, పెళ్లి లేదు, ముహూర్తం లేదు. అది మొదటి నుంచీ లెక్కల పుస్తకాల క్యాలెండరే. కానీ పాతబస్తీలోనూ, తెలంగాణ పల్లెల్లోనూ ఎన్నో ఇళ్ల ట్రంకుపెట్టెల్లో అది ఇంకా ఉంది. నిజాం కాలం నాటి స్టాంపు కాగితాల మీద, శిస్తు రసీదుల మీద, తాత చదివిన బడి ధ్రువపత్రం మీద ఉంది. ఉర్దూ చదవడం రాక, అంకెలు అర్థం కాక, పెళ్లికో సున్నాలకో ఇల్లు సర్దేటప్పుడు అవన్నీ చెత్తబుట్టలోకి వెళ్లిపోతుంటాయి. '1345' అని చూసి ఇదేదో ఆరేడు వందల ఏళ్ల నాటిదని భ్రమపడేవాళ్లూ ఉంటారు. హిజ్రీ అనుకుని పదేళ్లు అటూ ఇటూ లెక్కేసేవాళ్లూ ఉంటారు. ఆస్తి తగాదాలో పదేళ్ల తేడా అంటే చిన్న విషయం కాదు. కొన్నది తాతా, ముత్తాతా అన్నది కూడా మారిపోవచ్చు.

ఇలా లెక్కేసుకోండి

మీ ఇంట్లో పాత హైదరాబాద్ సంస్థానం కాగితం ఏదైనా ఉంటే, ముందు సంవత్సరం పక్కన 'ఫసలీ' అని ఉందా, 'హిజ్రీ' అని ఉందా చూడండి. ఉర్దూలో సంవత్సరం అంకె పక్కన 'ఫే' అక్షరం ఉంటే ఫసలీ, 'హే' ఉంటే హిజ్రీ.

ఫసలీ అయితే నెల పేరు చూడండి. ఆజుర్, దై అయితే అక్టోబర్ నుంచి డిసెంబర్ మొదటి వారం దాకా అన్నమాట. సంవత్సరానికి 590 కలపండి. ఇస్ఫందార్ నుంచి ఆబాన్ దాకా అయితే 591 కలపండి. బహ్మన్ మాత్రం డిసెంబర్‌లో మొదలై జనవరి మొదట్లో ముగుస్తుంది కాబట్టి దాన్ని ఓసారి జాగ్రత్తగా చూసుకోవాలి.

ఉదాహరణకు 'తీర్ 1345 ఫసలీ' అని ఉందనుకోండి. తీర్ ఎనిమిదో నెల. అంటే మే నెల ప్రాంతం. 1345కు 591 కలిపితే 1936. కాగితం 1936 వేసవి నాటిదన్నమాట. అదే 'ఆజుర్ 1345' అయితే 590 కలిపి 1935 అక్టోబర్, నవంబర్ అనుకోవాలి. కోస్తా, రాయలసీమ కాగితాలైతే ఏడాది జులైలో మొదలవుతుంది. జులై నుంచి డిసెంబర్ దాకా 590, జనవరి నుంచి జూన్ దాకా 591. కోర్టుకో రిజిస్ట్రేషన్‌కో అయితే ఈ అంచనాతో సరిపెట్టుకోకుండా ఉర్దూ చదవగలిగిన వారితో పూర్తి తేదీ రాయించుకోవడం మంచిది.

పండుగ లేని కొత్త సంవత్సరం

ఉగాదికి పచ్చడి ఉంది. జనవరి ఒకటికి కేకు ఉంది. ముహర్రం వస్తే పాతబస్తీ నల్లబట్టలు కడుతుంది. ఫసలీ ఏడాది మారిన రోజున మాత్రం ఏమీ ఉండదు. 2025 జులై 1న 1435 ఫసలీ వచ్చిందని ఎవరూ శుభాకాంక్షలు చెప్పుకోలేదు. చార్మినార్ దగ్గర గాజులు కొనేవాళ్లకూ, హైకోర్టు గేటు ముందు ఫైళ్లు పట్టుకుని నిలబడ్డవాళ్లకూ ఆ సంగతే తెలియదు.

ఆ ఫైళ్లలో మాత్రం అది ఉంటుంది. సర్వే నంబరు పక్కన, పట్టాదారు పేరు కింద, అరిగిపోయిన సిరాతో. రైతు కోయని పంటకు శిస్తు అడగకూడదన్న ఓ చిన్న న్యాయం కోసం పుట్టిన లెక్క అది. ఈసారి ఇల్లు సర్దేటప్పుడు ట్రంకుపెట్టె అడుగున మడతలు పడ్డ ఉర్దూ కాగితం కనిపిస్తే పారేయకండి. మీ తాత ఏ ఆబాన్ నెలలో, ఎన్ని వానల తర్వాత ఆ నేలను తనదనిపించుకున్నాడో అందులోనే రాసి ఉండొచ్చు.